పోయిన చార్లీ చాన్ సినిమాకి మళ్లీ రీళ్లు కడుతున్నా

జనవరి మొదట్లో

ఎర్ల్ డెర్ బిగ్గర్స్ 1930లో రాసిన ‘చార్లీ చాన్ క్యారీస్ ఆన్’ నవలకి ఈ ఏడాది, అంటే 2026 జనవరి 1న, అమెరికాలో కాపీరైట్ తీరిపోయింది. చార్లీ చాన్ అంటే హోనొలులు పోలీసు డిటెక్టివ్‌గా బిగ్గర్స్ సృష్టించిన చైనా మనిషి పాత్ర. ఆ తేదీ కోసమే కాచుక్కూర్చున్నా. నవల సులభంగానే దొరుకుతుంది. దాన్నిబట్టి ఫాక్స్ కంపెనీ 1931లో తీసిన సినిమా మాత్రం లేదు. నటుడు వార్నర్ ఓలాండ్ మొదటిసారి చార్లీ చాన్‌గా కనిపించింది అందులోనే. ఆయన మొత్తం 16 చాన్ సినిమాలు చేస్తే 4 పోయాయి, ఆ నాలుగింటిలో ఇది మొట్టమొదటిది.

నా పని ఏంటంటే, మిగిలిన ఆధారాలన్నీ పోగేసి, సీన్ల వరుసలో ఒక వీడియో కట్టడం. స్టిల్స్ (అంటే ప్రచారానికి తీసిన ఫొటోలు), చిన్న చిన్న క్లిప్పులు, తెలుగులో వ్యాఖ్యానం. హైదరాబాద్‌లో మా సినిమా మిత్రుల గుంపుకి చూపించడానికి. కొత్తగా ఏదీ నటింపజేయడం లేదు, ఏదీ బొమ్మలు గీయించడం లేదు.

ముందు కథ చెప్పాలి, లేకపోతే కింద రాసేదేదీ అర్థం కాదు. హంతకుడెవరో చెప్పను, భయపడకండి. డాక్టర్ లాఫ్టన్ అనే ఆయన డబ్బున్న అమెరికన్లని ప్రపంచయాత్రకి తీసుకెళ్తుంటాడు. లండన్‌లో బ్రూమ్స్ అనే పాతకాలపు హోటల్లో ఆ బృందంలోని ముసలాయన హ్యూ మోరిస్ డ్రేక్‌ని ఎవరో పీక నులిమి చంపేస్తారు. డెట్రాయిట్‌లో కార్ల వ్యాపారం చేసి రిటైరైన మనిషి. స్కాట్లండ్ యార్డ్ ఇన్‌స్పెక్టర్ డఫ్ రంగంలోకి దిగుతాడు కానీ ఎవర్నీ పట్టుకోలేకపోతాడు. బృందం ముందుకి సాగిపోతుంది, దాంతోపాటే హత్యలూ సాగుతాయి. నీస్‌లో ఒకటి, శాన్ రెమోలో ఒకటి. చివరికి డఫ్ హోనొలులు వచ్చి, పాత స్నేహితుడైన చాన్ ఆఫీసులో కూర్చుని ఉండగా కిటికీలోంచి ఎవరో కాల్చేస్తారు. డఫ్ బతుకుతాడు కానీ మంచం దిగలేడు. ఆ కేసు తన నెత్తిన వేసుకుని చాన్ అదే ఓడ ఎక్కుతాడు. శాన్‌ఫ్రాన్సిస్కో చేరేలోపు హంతకుణ్ని పట్టాలి.

చూశారుగా, చాన్ వచ్చేసరికి సగం కథ అయిపోతుంది. ఈ విషయం ఈ డైరీలో మళ్లీ మళ్లీ వస్తుంది.

జనవరి, ఇంకొన్ని రోజులకి

సినిమా ఎలా పోయిందో రాసి పెట్టుకోవాలి, వ్యాఖ్యానంలో మొదటి నిమిషం అదే.

1937 జూలై 9 తెల్లవారుజామున న్యూజెర్సీలోని లిటిల్ ఫెర్రీ అనే ఊళ్లో, ఫాక్స్ వాళ్లు పాత నెగటివ్‌లు దాచిన గోదాము అంటుకుంది. అప్పటి ఫిల్మ్ అంతా నైట్రేట్. పాతబడ్డకొద్దీ మండే గ్యాసు వదులుతుంది, బాగా వేడెక్కితే దానంతటదే అంటుకుంటుంది. పైగా దాంట్లోనే ఆక్సిజన్ ఉంటుంది కాబట్టి నీళ్లు పోసినా ఆరదు. ఆ వారమంతా అక్కడ వడగాలులు, గోదాముకి గాలి ఆడే ఏర్పాటు సరిగ్గా లేదు. ఫాక్స్ తీసిన మూకీల్లో చాలావరకు, తొలినాటి టాకీల్లో కొన్ని ఆ ఒక్క రాత్రిలో పోయాయి. ఒక మనిషి ప్రాణం కూడా పోయింది. తరవాత డబ్బాల్లో మిగిలిన బూడిదని వెండి తీయడానికి పంపారట. ఓలాండ్ తొలి చాన్ సినిమా నెగటివ్ కూడా ఆ మంటల్లోనే పోయుంటుందని ఈ రంగంలోవాళ్లు అంటారు.

మూకీల సంగతి వేరు. అమెరికన్ మూకీ ఫీచర్లలో 70 శాతం పోయాయని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ 2013లో ఒక నివేదిక వేసింది. టాకీలు ఆ లెక్కన పోలేదు. 1931 నాటి పెద్ద స్టూడియో టాకీ, అదీ హిట్టయి వరసగా సినిమాలు తీయించిన టాకీ, ఒక్క ప్రింటు కూడా లేకుండా పోవడం నాకు ఇప్పటికీ మింగుడుపడదు.

మనకి ఇదేం కొత్త కాదనుకోండి. అదే 1931లో వచ్చిన ‘ఆలం ఆరా’ లేదు. తెరమీద తెలుగు మాట మొదట వినిపించిన ‘కాళిదాస్’ లేదు. 2003 జనవరిలో పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ఆవరణలో మంటలొచ్చి మన నైట్రేట్ రీళ్లు కూడా కాలిపోయాయి. సరే, మన ఏడుపు ఇంకో డైరీలో.

ఫిబ్రవరి

అసలు ఈ పని మొదలెట్టే ధైర్యం వచ్చిందే ఈ సినిమాకి ఉన్న ఒక తోబుట్టువు వల్ల. టాకీలు వచ్చిన కొత్తల్లో డబ్బింగు, సబ్‌టైటిళ్లు ఇంకా కుదురుకోలేదు. విదేశీ మార్కెట్టు పోకూడదని హాలీవుడ్ వాళ్లు అవే సెట్లలో, అదే కథని, వేరే నటులతో స్పానిష్‌లోనో ఫ్రెంచిలోనో మళ్లీ తీసేవారు. ఫాక్స్ ఈ సినిమాకి ‘ఎరాన్ త్రెసే’ అని స్పానిష్ రూపం తీసింది. అంటే వాళ్లు పదముగ్గురు అని. దర్శకుడు డేవిడ్ హోవర్డ్, చాన్‌గా మాన్యుయెల్ ఆర్బో. ఇంగ్లిష్‌ది తీసింది హామిల్టన్ మెక్‌ఫాడెన్. ఇంగ్లిష్‌ది పోయింది, స్పానిష్‌ది మిగిలింది. ఫాక్స్ వాళ్ల చాన్ సినిమాల డీవీడీ సెట్టు మొదటి సంపుటిలో ఇచ్చారు.

సీన్ల షీటు తయారైంది. ఒక్కో వరుస ఒక్కో సీను. నిలువు గడుల్లో నవల అధ్యాయం, స్పానిష్ సినిమాలో ఆ సీను మొదలయ్యే టైము, ముగిసే టైము, దొరికిన స్టిల్స్, పత్రికల్లో వచ్చిన మాట. 1940లో ఇదే నవలని ‘చార్లీ చాన్స్ మర్డర్ క్రూజ్’ పేరుతో సిడ్నీ టోలర్‌తో మళ్లీ తీశారు, దానికీ ఒక గడి.

ఆ 1940 గడి చాలా సీన్లకి ఖాళీ. బాగా మార్చేశారు. డఫ్ విషయమే చూడండి. నవలలో కిటికీ బయటినుంచి తూటా తగులుతుంది, బతుకుతాడు. 1940లో అదే చాన్ ఆఫీసు గదిలో పీక నులిమి చంపేస్తారు, మనిషి దక్కడు. కథ ఒకటే కదా అని అక్కడినుంచి సీన్లు ఎత్తుకొస్తే పప్పులో కాలేసినట్టే. అందుకే దాన్ని ఆధారంగా తీసుకోవడం లేదు, పోల్చి చూసుకోవడానికి మాత్రం ఉంచా.

పత్రికల గడి మాత్రం నిండుతోంది. మీడియా హిస్టరీ డిజిటల్ లైబ్రరీలో ఆనాటి వ్యాపార పత్రికలు స్కాన్ చేసి ఉచితంగా పెట్టారు. వెతికేవాళ్లకి ఒక మాట: సినిమా పేరుతో వెతికితే నవల ప్రకటనలు కూడా కుప్పలుగా వచ్చి పడతాయి. దర్శకుడి పేరుతో వెతకండి, అదీ రెండు మూడు రకాల స్పెల్లింగులతో. పాత అచ్చు, పైగా స్కానర్ చదువు, రెండూ కలిసి అక్షరాలని ఆగం చేస్తాయి.

ఫిబ్రవరి చివర్లో

బాబాయి వచ్చాడు. టూరింగ్ టాకీస్‌లో ఆపరేటర్‌గా మొదలుపెట్టి, ఊళ్లో పక్కా థియేటర్ కట్టాక అక్కడే రిటైరయ్యాడు. షీటు చూపించా. ముందు కళ్లజోడు సర్దుకుని అంతా చదివి, “సీన్లు బాగానే రాశావు గానీ, రీళ్లేవమ్మా?” అన్నాడు.

ఆ మాటతో ప్రాజెక్టు దారే మారింది.

ఆ రోజుల్లో సినిమా వెయ్యి అడుగుల రీళ్లలో వచ్చేది. 35 ఎంఎం, సెకనుకి 24 ఫ్రేములు అంటే వెయ్యి అడుగులు 11 నిమిషాలు. గంటంపావు సినిమా ఏడు రీళ్లు, మహా అయితే ఎనిమిది. రీలు మారేచోట ఎడిటర్లు వీలైనంతవరకు సీను తెగ్గొట్టకుండా చూసుకునేవారు. ఆపరేటర్ ఒక క్షణం అటూ ఇటూ అయినా మాట మింగేయకూడదని. “రీలు చివర్లో ఎవడూ ముఖ్యమైన డైలాగ్ పెట్టడమ్మా. అక్కడే గీతలు పడతాయి, అక్కడే తెగుతుంది, మేం కోసి అతికించేదీ అక్కడే,” అన్నాడు. అతికించడం ఎలాగో చేతుల్తో చూపించాడు. బ్లేడుతో ఎమల్షన్ (ఫిల్మ్ మీద బొమ్మ ఉండే పొర) గీకడం, బ్రష్షుతో ఫిల్మ్ సిమెంటు అనే జిగురు రాయడం, రెండు కొసలూ ఒకదానిమీద ఒకటి పెట్టి ప్రెస్సులో నొక్కి పట్టడం, ఆరాక రెండు చేతుల్తో చిన్నగా లాగి చూడడం. గీకేటప్పుడు చెయ్యి కాస్త బరువైతే ఫిల్మే చిరిగిపోతుంది, తేలికైతే అతుకు నిలవదు. చెబుతున్నంతసేపూ ఖాళీ వేళ్లతోనే ఆ ఒత్తిడి కొలుచుకుంటున్నాడు.

సీన్లని రీళ్ల ప్రకారం మళ్లీ విడగొట్టా. స్పానిష్ సినిమాలో సీను పూర్తిగా చీకటిగా మారి ముగిసే చోట్లు గుర్తుపెట్టుకుంటూ పోతే, 11 నిమిషాలకి కాస్త అటూఇటూగా కొన్ని చోట్లు తేలాయి. ఇంగ్లిష్ సినిమాకి కూడా అక్కడే రీళ్లు మారాయని నేను అనను. కానీ కథ ఎక్కడెక్కడ ఊపిరి తీసుకుంటుందో తెలిసింది.

మార్చి

ఫ్రేము సైజు. ఇది చదివేవాళ్లకి బోరు కొట్టొచ్చు, నాకు మాత్రం పండగే.

ఫాక్స్ వాళ్ల మూవీటోన్ అనే టాకీ పద్ధతిలో ధ్వని ఫిల్మ్ పక్కనే గీతలుగా ఉంటుంది. దానికి చోటిచ్చాక బొమ్మకి మిగిలేది దాదాపు చదరం, 1.19కి 1. ప్రచారానికి తీసిన స్టిల్స్ మాత్రం 8 ఇంటూ 10 అంగుళాలు, అంటే 1.25కి 1. వీడియో ఎత్తు 1080 పిక్సెల్స్ అనుకుంటే సినిమా ఫ్రేము వెడల్పు 1285, స్టిల్ 1350. స్టిల్‌లో రెండు పక్కలా కొద్దికొద్దిగా కోస్తే రెండూ ఒకే గడిలో కూర్చుంటాయి. ఇప్పటి స్క్రీన్ వెడల్పు 1920 కాబట్టి ఇరువైపులా మూడొందల పిక్సెల్స్ పైచిలుకు నల్లటి పట్టీలు మిగులుతాయి.

ఆ పట్టీలు వృథా పోనివ్వలేదు. ఎడమ పట్టీలో ప్రతి క్షణం ఒక చిన్న మాట ఉంటుంది: నవల, స్పానిష్, స్టిల్, పత్రిక. చూసేవాడికి ఇప్పుడు తన కళ్ల ముందున్నది ఎక్కణ్నుంచి వచ్చిందో ఎప్పటికప్పుడు తెలియాలి. కుడి పట్టీలో రీలు నంబరు.

స్టిల్స్ గురించి ఇంకొకటి. అవి సినిమాలోంచి తీసిన ఫ్రేములు కావు. షాట్ అయ్యాక నటుల్ని ఆపి, స్టిల్ ఫొటోగ్రాఫర్ పెద్ద కెమెరాతో విడిగా తీసినవి. ఎక్కడ నిలబడ్డారో, ఏం తొడుక్కున్నారో నమ్మొచ్చు. కెమెరా ఎక్కడుందో నమ్మకూడదు. కింద మూలలో నిర్మాణం కోడు, వరుస నంబరు ఉంటాయి. ఆ నంబర్లు చాలావరకు షూటింగ్ వరుసలో పోతాయి గానీ కథ వరుసలో కాదు. హోటల్ సెట్టు ఉన్నప్పుడే మొదటి హత్యా, ఆ హోటల్లో తర్వాతి సీన్లూ అన్నీ తీసేస్తారు కదా. పక్కపక్క నంబర్లున్న రెండు స్టిల్స్ ఒకే సెట్టువని ఊహించొచ్చు, అంతే.

మార్చి రెండోసగం

చాన్ దగ్గరికి వచ్చేశాం. ఇక్కడే పని ఆగింది.

స్పానిష్ సినిమాలో చాన్ సీన్లున్నాయి. ఎవరు ఎటునుంచి వస్తారు, టేబుల్ ఎక్కడ, కిటికీ ఎక్కడ, అన్నీ తెలుస్తాయి. సెట్టు తెలిసింది, కథ తెలిసింది. కానీ ఆర్బో నటన వేరు. చురుగ్గా, మాటమీద మాట వేసుకుంటూ పోతాడు. ఓలాండ్ అలా కాదు. స్వీడన్‌లో పుట్టిన మనిషి, అప్పటికే ఫూ మాంచూ అనే చైనా విలన్ వేషాలు వేసున్నాడు, మాట నెమ్మది. వాక్యం మధ్యలో ఆగి, అవతలివాడు పూర్తి చేస్తాడేమోనని చూసినట్టు చూసి, అప్పుడు ముగిస్తాడు. ఆ ఆగడంలోనే ఉంది చాన్ అంతా. ఈ పోయిన సినిమా జనానికి నచ్చిందంటే కథ వల్లో సెట్ల వల్లో కాదని నా నమ్మకం. అవన్నీ స్పానిష్‌లోనూ ఉన్నాయిగా.

ఇక్కడ ఇంకో సినిమా అక్కరకొచ్చింది. అదే 1931లో, అదే దర్శకుడు మెక్‌ఫాడెన్, అదే ఓలాండ్‌తో ‘ది బ్లాక్ కామెల్’ తీశాడు. బిగ్గర్స్ 1929 నవల అది. హోనొలులులో షూటింగ్ చేశారు, డ్రాక్యులాగా పేరుపడ్డ బేలా లుగోసి కూడా ఉన్నాడు. అది మిగిలింది. అంటే మొదటి సినిమా అయిన కొద్ది నెలలకే ఓలాండ్ చాన్‌గా ఎలా మాట్లాడేవాడో మన దగ్గరుంది. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్‌లో దాని ధ్వని గీతని పెద్దది చేసి, ఓలాండ్ మాటల మధ్య ఖాళీలని గుర్తించుకుంటూ పోయా. గీత పైకి లేస్తుంది, చదునవుతుంది, మళ్లీ లేస్తుంది. ఇంకెవరి డైలాగులోనూ అంతంత చదును లేదు. స్పానిష్‌లో డఫ్ మీద దాడి తరవాత చాన్ మాట్లాడే సీను నిడివి ఓలాండ్‌కి సరిపోదని దీంతో అర్థమైంది. నా వీడియోలో ఆ సీనుకి ఎక్కువ చోటు ఇచ్చా.

చాన్ వేషం సంగతి కూడా వ్యాఖ్యానంలో ఉంటుంది. చైనా మనిషి పాత్ర, ఒకచోట స్వీడన్ మనిషి, ఇంకోచోట స్పెయిన్ మనిషి. అంతకుముందు 1926 సీరియల్‌లో, 1927 సినిమాలో చాన్‌గా వేసింది జపాన్ నటులు, పాత్ర చిన్నది, ఆ రెండు సినిమాలూ పోయాయి. చైనా మనిషి వేషం తెల్లవాళ్లతో ఆడించడం ఇవాళ చూస్తే ఒళ్లు జలదరిస్తుంది. దాన్ని దాచి ఓలాండ్‌ని పొగడడం నాకిష్టం లేదు. ఈ పాత్రకి ఆధారంగా చెప్పే అసలు మనిషి ఒకాయన ఉన్నాడు. చాంగ్ అపానా, హోనొలులు పోలీసు డిటెక్టివ్, తుపాకీ కంటే కొరడానే నమ్ముకున్నవాడు. ‘బ్లాక్ కామెల్’ షూటింగ్ చూడ్డానికి వచ్చి ఓలాండ్‌తో కలిసి ఫొటో దిగాడు. ఆ ఫొటో వీడియోలో పెడుతున్నా, ఆరో రీలు ముందు.

ఏప్రిల్

మా మేనల్లుడు వచ్చి రఫ్ కట్, అంటే ఇంకా పూర్తికాని కూర్పు, చూశాడు. “అత్తా, ఇంత టెన్షన్ ఎందుకు? స్పానిష్ ఆయన మొహం తీసేసి ఓలాండ్ మొహం పెట్టేస్తే సరి. గొంతు కూడా బ్లాక్ కామెల్‌లోంచి నేర్పించేయొచ్చు. ఏఐకి రెండ్రోజుల పని,” అన్నాడు.

చేయొచ్చు, నిజమే. బాగానే కనిపిస్తుంది కూడా. వద్దన్నా.

“ఎందుకొద్దు? చూసేవాళ్లకి బాగుంటుంది కదా.”

అదే భయం. ఒక్కసారి అది బయటికెళితే, నాలుగేళ్లలో ఎవరో దాన్ని ‘దొరికిన సినిమా’ అని తిప్పుతారు. ఎడమ పట్టీ కోసేస్తే చాలు, నా జాగ్రత్తలన్నీ గాలికి. నిజం ప్రింటు ఎక్కడో ఒక పాత లాబొరేటరీలో బయటపడినా, ఇది చూసినవాడికి అది చప్పగా అనిపిస్తుంది. అసలు ఓలాండ్ ఆ రోజు సెట్టులో ఎలా ఆగాడో, ఎటు చూశాడో మనకి తెలియదు. తెలియనిదాన్ని తెలిసినట్టు కనిపించేలా చేయడం కంటే చేతులు కట్టుకు కూర్చోవడం నయం. వాడికి నచ్చలేదు. అయినా పట్టీల్లో అక్షరాల సైజు పెంచమని, ఫోన్‌లో కనపడట్లేదని చెప్పి వెళ్లాడు. అది మాత్రం మంచి సలహా, పెంచేశా.

కాబట్టి చాన్ సీన్లలో పద్ధతి ఇది: ఓలాండ్ స్టిల్ ఉన్నచోట స్టిల్. లేనిచోట స్పానిష్ సెట్టులో మనుషులు లేని ఫ్రేము ఏదైనా ఉంటే అది. అదీ లేకపోతే నల్ల తెర, దానిమీద నవలలోని మాటలు నా తెలుగులో, తెల్ల అక్షరాల్లో. మాటలు వచ్చే వేగం మాత్రం ‘బ్లాక్ కామెల్’లో ఓలాండ్ వేగం. ఆయన ఆగినంతసేపు తెర ఆగుతుంది.

మిగతావాళ్ల సీన్లకి ఇంత గొడవ లేదు. చికాగో దొంగ మాక్స్ మించిన్ వేషంలో బ్రెజిల్ నటుడు రౌల్ రౌలియెన్ సరదాగా ఉంటాడు, ఆ క్లిప్పులు రెండు మూడు వాడా. నవలలో బెన్‌బో అని ఆక్రన్ నుంచి వచ్చిన ఒకాయన ఉంటాడు, ఎక్కడికెళ్లినా సినిమా కెమెరా భుజాన వేసుకుని కనిపించిందల్లా తీస్తుంటాడు. అలాంటివాడు మనకీ ఒకడుంటే బాగుండేది అనుకుంటూనే నాలుగు రీళ్లు ఎడిట్ చేశా.

మే

బాబాయికి మొదటి ఐదు రీళ్లు చూపించా. టీవీకి పెట్టి, లైట్లు తీసేసి. రీలు మారేచోట కుడివైపు పైమూలన చిన్న చుక్క పెట్టా, పాత ప్రింట్లలో ఆపరేటర్‌కి సైగలా ఉండేది కదా, అలాగ. చుక్క కనపడగానే ఆయన కుడి చెయ్యి కుర్చీ పక్కకి వెళ్లింది, రెండో ప్రొజెక్టర్ మోటారు అక్కడుందన్నట్టు. అలవాటు.

మూడో రీలు అయ్యేసరికి కదిలాడు. “అంతా బాగుంది గానీ, చార్లీ చాన్ అన్నావు. ఏడమ్మా చాన్?”

“కథలోనే లేటుగా వస్తాడు బాబాయ్.”

“ఎంత లేటు?”

“సగం దాటాక.”

“మా హాల్లో అయితే ఈపాటికి కుర్చీలు విరిగేవి,” అన్నాడు. తర్వాత కాసేపు ఆలోచించి, “టైటిల్స్‌లో ఆయన ఫొటో ఒకటి వెయ్యి. వస్తాడని తెలిస్తే జనం కూర్చుంటారు,” అన్నాడు. వేశా. ఓలాండ్ ప్రచార ఫొటో, కింద పట్టీలో ‘స్టిల్’ అని.

నల్ల తెర సీను గురించి ఆయనకీ నాకూ పడలేదు. మరీ ఎక్కువసేపు నల్లగా ఉందంటాడు. ఆ మాటల వెనక సముద్రం చప్పుడు పెట్టమంటాడు. సినిమాలో ఆ సీనుకి వెనకాల ఏ శబ్దం ఉందో తెలియదు కాబట్టి పెట్టనన్నా. “ఓడ సీనులో సముద్రం లేకపోతే ఇంకేం ఉంటుందే!” అని విసుక్కున్నాడు. ఓడ సీను కూడా స్టూడియోలో తీయొచ్చు కదా, సముద్రం చప్పుడు ఉండే ఉంటుందని చెప్పలేం. ఈ మాటమీద ఇంకా బేరం సాగుతోంది.

ఇప్పుడు ఎక్కడున్నాం

ఆరో రీలు సగమైంది. ఏడో రీలు మిగిలింది, అందులో హంతకుడు పట్టుబడే సీను ఉంది. దానికి స్పానిష్ క్లిప్పు తప్ప ఇంకేం వాడను.

ఆన్‌లైన్‌లో పెట్టమని అడిగినవాళ్లకి: ఇప్పుడే కాదు. నవల అమెరికాలో స్వేచ్ఛ అయింది గానీ 1931 సినిమాలకి అక్కడ 2027 జనవరి 1 దాకా గడువుంది. స్పానిష్ సినిమా, స్టిల్స్ ఆ లెక్కలోకే వస్తాయి. మన దగ్గర ఆ గడువు ఎప్పుడో తీరింది, కానీ నేను పెట్టేది అమెరికా వాళ్ల సైటులోనే కదా. అప్పటిదాకా మా గుంపులోనే, ఇంట్లోనే.

ఇది అయ్యాక 1932లో వచ్చిన ‘చార్లీ చాన్స్ చాన్స్’ మీద పడాలనుంది. అదీ పోయింది, అదీ ఓలాండ్‌దే. బిగ్గర్స్ 1928 నవల ‘బిహైండ్ దట్ కర్టెన్’ దానికి ఆధారం, మన డఫ్ చాన్‌కి స్నేహితుడయ్యింది ఆ నవలలోనే. దానికి స్పానిష్ తోబుట్టువు అండ దొరకదు. షీటులో స్పానిష్ అన్న గడి తీసేసి, కొత్త ఫైలు తెరిచి, స్టిల్స్ నంబర్లు ఎక్కించడం మొదలుపెట్టా.